పదహారు పైసలకు పదేళ్ళు

మా బళేపేట గాజుల బజారులో వడ్డీని ఏడాదికి ఇంత శాతమని ఎవరూ చెప్పరు. నూటికి నెలకు ఎంత, అంతే. రూపాయి వడ్డీ అంటే అయినవాళ్ళ మధ్య నడిచేది. రెండు రూపాయలు మామూలు. మూడు అన్నాడంటే అవతలివాడు మన అవసరం చూసి అడుగుతున్నాడని అర్థం. మా ఆయన పోయిన తర్వాత గాజుల కొట్టును ఒంటిచేత్తో నడుపుకొచ్చినదాన్ని నేను. వడ్డీ గురించి ఈ అలివేలుకు ఒకరు చెప్పాల్సిన పని లేదని మొన్నటి శ్రావణం దాకా నా ధీమా.

అందుకే మా మేఘన, అల్లుడు దీపక్ బొమ్మనహళ్ళిలో ఫ్లాటు చూసుకుని వచ్చి, బ్యాంకువాళ్ళు ఆరు పాయింట్ తొమ్మిది శాతానికి యాభై లక్షలు ఇస్తామంటున్నారు, తీసుకోవాలా వద్దా అని నసుగుతుంటే నాకు నవ్వొచ్చింది. వేళ్ళమీద లెక్క కట్టాను. నూటికి నెలకు యాభై ఏడు పైసలు. అర్ధరూపాయి మీద ఏడు పైసలు!

"కండ్లు మూసుకోని తీసుకోండప్పా. ఈ రేటుకు నా తోడబుట్టినోడు కూడా ఇయ్యడు" అన్నాను.

దీపక్‌ది ఒంగోలు. ఎలక్ట్రానిక్ సిటీలో కంప్యూటర్ ఉద్యోగం. మేఘన కూడా అక్కడే ఇన్సూరెన్స్ కంపెనీలో చేస్తుంది. అల్లుణ్ణి 'మీరు' అనడం మా ఇంటి ఆచారం, మొదట్లో నేనూ అలాగే అన్నాను. పెళ్ళయిన ఏడాది దసరా రద్దీలో అతను కొట్టుకు వచ్చి, చొక్కా చేతులు మడుచుకుని, నేను చెప్పకుండానే డజన్లు లెక్కపెట్టి కాగితంలో చుట్టి ఇవ్వడం మొదలుపెట్టాడు. చుట్టిన డజన్లలో రెండు పగలగొట్టాడు కూడా. ఆ సాయంత్రం నుంచి 'నువ్వు' అయిపోయాడు.

మా మామగారికి ఒక పద్ధతి ఉండేది. చేబదులు తెచ్చినా, ఇచ్చినా, అది ఎన్ని నెలల్లో తీరాలో అన్ని గాజులు ఒక తాడుకు గుచ్చి, కొట్లో దేవుడి పటం పక్కన మేకుకు వేలాడదీసేవాడు. నెల తిరిగి ఆ నెల వాయిదా, మా మాటలో కంతు, కట్టగానే ఒక గాజు తీసి, ఆ రోజు కొట్టుకొచ్చిన మొదటి ఆడమనిషి చేతికి ఉత్తినే తొడిగేవాడు. "అప్పు తీరేది కంటికి కనపడల్ల. లేకుంటే మనిషి దిగులుతోనే సగం చస్తాడు" అనేవాడు. కొట్టు పైకప్పు వేయించిన బాకీ కూడా అలాగే తీరింది. తాడు ఖాళీ అయిన రోజు ఇంటిల్లిపాదికీ మసాలా దోసెలు తెప్పించాడు.

లాక్‌డౌన్ ఎత్తేసిన ఏడాది శ్రావణంలో గృహప్రవేశం జరిగింది. పాలు పొంగాయి, ఒంగోలు నుంచి వియ్యాలవారు వచ్చారు, పప్పులో కారం చాలలేదని మొహమాటం లేకుండా చెప్పి మరీ వెళ్ళారు. అందరూ పోయాక నేను సంచిలోంచి ఒక పసుపు తాడు తీశాను. దానికి ఇరవై పచ్చగాజులు గుచ్చి ఉన్నాయి. అన్నీ మేఘన చేతికి సరిపోయే రెండు-నాలుగు సైజే. ఇరవై ఏళ్ళ అప్పుకు ఏడాదికి ఒకటి. పూజగూటి పక్కన మేకు కొట్టించి తగిలించాను.

"ప్రతి శ్రావణానికీ ఒకటి తీసి దాని చేతికి తొడుగప్పా. ఇరవై తొడిగేలోపల ఇల్లు మీదైపోతాది" అన్నాను.

దీపక్‌కు ఆ మాట ఎంత నచ్చిందో చెప్పలేను. తాడును ఫొటో తీసి వాళ్ళ ఆఫీసువాళ్ళకు కూడా పంపాడు. మరుసటి శ్రావణానికి మొదటి గాజు తీసి, ఇల్లు మొత్తం తీర్చేసినవాడిలా ఛాతీ విరుచుకుని తిరిగాడు.

ఈ శ్రావణం మూడోది. అప్పటికి మేఘనకు ఐదో నెల. ఎలక్ట్రానిక్ సిటీకి కంపెనీ బస్సులో పోయి వచ్చేసరికి దాని మొహంలో రక్తం ఉండేది కాదు. కాన్పుకు కంపెనీవాళ్ళు ఇచ్చే ఆరు నెలల సెలవు తర్వాత ఇంకొక్క ఏడాది ఇంట్లో ఉంటానని, బిడ్డ నడక నేర్చాక మళ్ళీ ఉద్యోగం చూసుకుంటానని అది ఆశ పడింది. ఆ ఒక్క ఏడాదే అది అడిగింది, ఇంకేమీ అడగలేదు.

దానికంటే ఆ ఆశ నాకే ఎక్కువ. నేను మేఘనను కొట్లో పెంచాను. గాజుల పెట్టెల మధ్య గోనెపట్టా పరిచి, దాని మీద పడుకోబెట్టి బేరాలు చూసుకున్నాను. ఎత్తుకుంటే బేరం పోయేది, బేరం చూసుకుంటే అది ఏడ్చి ఏడ్చి నిద్రపోయేది. మొదటి అడుగు ఎప్పుడు వేసిందో కూడా నాకు తెలియదు. పక్క కొట్టు మస్తాన్ చూశాడు, నేను చూడలేదు. నా కూతురికి అలాంటి గతి పట్టకూడదని నాకు పట్టుదల.

దీపక్ మాత్రం ఈ మాట ఎత్తితే చాలు, "చూద్దాం" అనేవాడు. ఔననడు, కాదనడు. చూద్దాం. శనాదివారాల్లో కూడా ఏదో అదనపు పని పెట్టుకుని లాప్‌టాప్‌కు అతుక్కుని కూర్చునేవాడు. మనిషి సన్నబడ్డాడు. పిసినారితనం ముదిరిందని నేను అనుకున్నాను. నా నోరు మంచిది కాదు, ఒకటి రెండుసార్లు మేఘన దగ్గర ఆ మాట అనేశాను కూడా. అది బాధపడింది.

గృహప్రవేశం తిథి నాడు ఒబ్బట్లు చేసుకుని బొమ్మనహళ్ళి వెళ్ళాను. భోజనాలయ్యాక ఎప్పటిలాగే దీపక్ తాడు దగ్గరికి వెళ్ళాడు. ముడి మీద చెయ్యి పెట్టి అలాగే నిలబడిపోయాడు.

"ఏమప్పా, ముడి రాలేదా?"

"వచ్చింది అత్తయ్యా" అంటూ గాజు తీశాడు.

మేఘన చెయ్యి చాపింది. గాజు మెటికల దగ్గర ఆగిపోయింది, మేఘన "స్" అంది. కడుపుతో చేతులు నీరు పట్టాయి. నేను సబ్బునీళ్ళతో నా చేత్తోనే ఎక్కించాను. ఎక్కిస్తూనే అసలు సంగతి కదిపాను.

"మూడు అయిపాయ, ఇంగ పదిహేడే ఉండాయి. బ్యాంకోళ్ళ దగ్గరికి పోయి, ఇంత తీర్చినాము కదా, ఒక ఏడాది కంతు తగ్గించండి సామీ అని అడగప్పా. బిడ్డతో ఇంట్లో ఉంటాది ఇది."

"చూద్దాం అత్తయ్యా."

"మళ్ళా చూద్దామా? ఏమి చూసేది? వచ్చే శనివారం బ్యాంకు ఉండాది. నేనూ వస్తా."

"మీరెందుకు అత్తయ్యా? అక్కడ క్యూ ఉంటుంది, సిస్టమ్స్ డౌన్ ఉంటాయి, అనవసరంగా మీకు స్ట్రెయిన్..."

"అడగనిదే అమ్మైనా పెట్టదు. బ్యాంకు పిలిచి పెడతాదా? నీకు అడిగేదానికి సిగ్గయితే నేనే అడుగుతా" అన్నాను. మేఘన నవ్వింది. దీపక్ నవ్వలేదు.

శనివారం పొద్దున కొట్టు మస్తాన్‌కు అప్పజెప్పి, బస్సెక్కి బొమ్మనహళ్ళిలో దిగాను. మేఘన ఇంట్లోనే ఉంది. బ్యాంకు మెట్ల దగ్గర దీపక్ నా చెయ్యి పట్టుకున్నాడు. ఎప్పుడూ పట్టుకోనివాడు.

"అత్తయ్యా, లోపల ఏమన్నా మేఘనకి మాత్రం చెప్పకండి. ప్లీజ్."

షేర్లలో పెట్టి పోగొట్టాడా, కంతులు కట్టడం మానేశాడా, ఇంకేదైనా తలకెత్తుకున్నాడా అని లోపలికి నడిచినంతసేపూ రకరకాలుగా అనుకున్నాను.

లోన్ల బల్ల దగ్గర నేత్రావతి అనే ఆవిడ కూర్చుని ఉంది. మా ఊరావిడే, కన్నడం, తెలుగు రెండూ ధారాళంగా మాట్లాడుతుంది. నా చేతి గాజులు చూసి బళేపేటా అని అడిగింది. నాకు ధైర్యం వచ్చింది.

"మా అల్లుడి అప్పు ఇంగ ఎంత ఉండాది చూడమ్మా" అన్నాను.

ఆవిడ చూసి చెప్పింది. "నలభై ఏడు లక్షల తొంభై వేలుండాదమ్మా."

నేను ఆవిడ తప్పు చూసిందనుకున్నాను. "ఇంగోసారి చూడమ్మా. నెలకు ముప్పై ఎనిమిదిన్నర వేలు, మూడేండ్లు కట్టినారు. పద్నాలుగు లక్షల దగ్గర అయింటాది."

"కట్టినారమ్మా, ఒక్క కంతు కూడా తప్పలేదు. అందులో అసలుకు చేరింది రెండు లక్షల చిల్లర. మిగతాదంతా వడ్డీకి పోయింది."

"అయితే ఇంగ ఎన్నేండ్లు కట్టల్ల?"

ఆవిడ దీపక్ వైపు చూసింది. దీపక్ నేల వైపు చూశాడు.

"ఇరవై ఏడు" అంది.

నాకు నోరు లేచింది. పదిహేడు ఉండాల్సింది ఇరవై ఏడు ఎట్లా అయిందని, చదువుకున్నవాళ్ళను కూడా ఇట్లా చేస్తారా అని బ్యాంకంతా వినపడేలా అరిచాను. వరసలో ఉన్నవాళ్ళు తిరిగి చూశారు. నేత్రావతికి ఇలాంటివి అలవాటు కాబోలు, మంచినీళ్ళ సీసా నా ముందుకు జరిపి, నేను తాగేదాకా ఊరుకుంది. తర్వాత నిదానంగా చెప్పింది. వీళ్ళ వడ్డీ బిగించి పెట్టింది కాదట, దేశంలో రేట్లు మారితే దానితోపాటే మారుతుందట. అప్పు తీసుకున్న మరుసటి ఏడాది నుంచి రేట్లు పెరుగుతూ పోయి ఇప్పుడు ఎనిమిదీ ముప్పావు దగ్గర ఉందట.

నేను వేళ్ళమీద లెక్క కట్టాను. డెబ్బై మూడు పైసలు.

"యాభై ఏడు డెబ్బై మూడయింది. పదహారు పైసలు! పదహారు పైసలకి పదేండ్లామ్మా?"

"యాభై లక్షల మీద పదహారు పైసలమ్మా" అంది ఆవిడ. "నెలకు ఏడున్నర వేల పైమాటే. కంతు పెంచితే ఇల్లు గడవడం కష్టమని, కంతును ముట్టుకోకుండా ఏండ్లు పెంచుతారు. సార్‌కు మెసేజీ వచ్చుంటాది. మొదట్లో ఇదే కంతులో పది వేల దగ్గర అసలుకు పొయ్యేది. ఇప్పుడు ముప్పై ఐదు వేలు వడ్డీకే పోతాది. మిగిలే మూడున్నర వేలే అసలుకు."

ఇట్లాగే సాగితే మొత్తం ఎంత కట్టినట్టవుతుందని అడిగాను. కోటీ ముప్పై ఎనిమిది లక్షలంది. యాభై లక్షలకు. అప్పుడు నాకు తెలిసింది. మా మామగారి తాడు మీద గాజులన్నీ ఒకే సైజు, ఏ నెల తీసినా అప్పులో అంతే భాగం తీరేది. ఈ అప్పులో మొదటి గాజులు పేరుకే గాజులు, అసలు బరువంతా తాడు కింది కొసన ఉంది. వాళ్ళు మూడు తీశారు గానీ తీరింది ఒక్క గాజుకు కూడా సరిపోదు. ఆ తాడు కట్టి ఇచ్చిందేమో నేను!

చివరికి నేనే అడిగాను. "దీనికి ఏమీ చెయ్యలేమా తల్లీ?"

"ఎందుకు చెయ్యలేమమ్మా? కొత్తగా వచ్చేవాళ్ళకు ఇప్పుడు ఎనిమిది పాయింట్ నాలుగుకే ఇస్తాండాము. పాతవాళ్ళు వచ్చి అడిగి, కొంచెం ఫీజు కట్టుకుంటే వాళ్ళకూ అదే రేటు చేస్తాము. సార్ ఎప్పుడూ రాలేదు కదా. దానితోనే రెండున్నరేండ్లు తగ్గుతాది. దాని మీద నెలకు ఇంగొక మూడున్నర వేలు ఎక్కువ కడితే..." ఆవిడ మీటలు నొక్కి చూసింది. "పంతొమ్మిదేండ్లకు వస్తాది."

మూడున్నర వేలకు ఐదేళ్ళ పైన. ఈ బ్యాంకు లెక్కలో పైసకు ఉన్న బలం పైకీ ఉంది, కిందికీ ఉంది.

ఫీజు కట్టి, రేటు మార్చమని సంతకం పెట్టి బయటపడ్డాం. రోడ్డు పక్కన నిలబడి తాగే కాఫీ హోటలుంటే అక్కడ ఆగాం. దీపక్ గ్లాసు పట్టుకుని తాగకుండా నిలబడ్డాడు.

"ఎప్పుడు తెలిసింది నీకు?"

"పోయినేడు అత్తయ్యా. మెసేజ్ వచ్చింది. ఫస్ట్ వాళ్ళ సిస్టమ్‌లో ఏదో మిస్టేక్ అనుకున్నా. తర్వాత కూర్చుని కాలిక్యులేట్ చేస్తే నిజమే. హైక్ వస్తుంది, బోనస్ వస్తుంది, ఒకేసారి కొంత కట్టేసి ఎవరికీ తెలీకుండా సరిచేసేద్దామనుకున్నా. హైక్ రాలేదు. వీకెండ్స్ వేరే పని తీసుకున్నా. అది ఏ మూలకీ చాలట్లేదు." గ్లాసు పక్కన బల్ల మీద పెట్టాడు. "మీరేమో ప్రతి శ్రావణానికీ ఒబ్బట్లు చేసుకుని వస్తారు. నేను గాజు తీసేటప్పుడు మేఘన మొహం చూశారా? ఆ మొహం చూసి ఇంకా ఇరవై ఏడేళ్ళుందని ఎలా చెప్పను? మొన్న తీసేటప్పుడు దొంగతనం చేస్తున్నట్టు ఉంది అత్తయ్యా. తను అడిగింది ఒక్క ఇయర్. యస్ అని చెప్పే ధైర్యం లేదు. నో అని చెప్పడానికి నోరు రాదు."

నడిరోడ్డు మీద, పక్కన ఆటోలు మొత్తుకుంటుండగా, ఒంగోలు పిల్లవాడు మోచేత్తో కళ్ళు తుడుచుకున్నాడు.

నాకు అతని మీద కోపం వచ్చింది, అబద్ధం చెప్పను. ఏడాది పాటు నా కూతురి దగ్గర దాచాడు. ఆ కోపం ఉండగానే జాలి కూడా వేసింది. పిసినారి అని నేను నోరు పారేసుకున్న రోజుల్లో, మమ్మల్నందరినీ సంతోషంగా ఉంచాలని ఈ పిల్లవాడు ఒక్కడే ఇంత బరువు మోశాడు. నా కడుపున పుట్టినవాడైతే అక్కడే దగ్గరికి తీసుకునేదాన్ని. అల్లుడయ్యేసరికి ఏం చేయాలో తెలియక, చల్లారిన అతని కాఫీ పారబోయించి ఇంకొకటి చెప్పాను.

"కొట్టు అమ్మేస్తా. ఎంతొస్తే అంత కట్టెయ్యి" అన్నాను.

"ఆ మాట ఇంకోసారి అనకండి అత్తయ్యా. కొట్టు లేకపోతే మీరు మూడు రోజులు కూడా ఉండలేరు. ఆ తర్వాత మా ఇంటికొచ్చి నన్ను తిడుతూ కూర్చుంటారు."

ఏడుస్తూనే అన్నాడు. నాకు నవ్వొచ్చింది.

"సరే, పద. మేఘనకు చెప్పల్ల."

"ఫిఫ్త్ మంత్ అత్తయ్యా. ఇప్పుడు టెన్షన్ పెడితే..."

"కడుపుతో ఉండేది మనిషే కదప్పా, గాజుబొమ్మ కాదు. పగిలిపోదులే. పద."

మేము వెళ్ళేసరికి మేఘన సోఫాలో కాళ్ళు పైకి పెట్టుకుని, జామకాయ ముక్కలకు ఉప్పుకారం అద్దుకుని తింటోంది. దీపక్ దాని ఎదురుగా నేల మీద కూర్చుని అంతా చెప్పాడు. ఎక్కడా దాచలేదు, తన తప్పు తగ్గించుకోలేదు. అది తినడం ఆపి వింది. విన్నాక పూజగూటి పక్కనున్న తాడు వైపు చూసింది.

"అంటే దానికి ఇంగ పది ఎక్కించల్లా?"

దీపక్ తలూపాడు.

"ఒక ఏడాది నుంచి నీకు తెలుసు."

మళ్ళీ తలూపాడు.

మేఘన కోపం నా కోపంలా అరుపుల కోపం కాదు, గొంతు ఇంకా చిన్నదవుతుంది. "ఇల్లు ఇద్దరి పేరు మీద ఉండాది. కంతు ఇద్దరి జీతంలో నుంచి పోతాది. ఏండ్లు మాత్రం నీ ఒక్కడివేనా దీపక్? నువ్వు చూద్దాం చూద్దాం అన్నప్పుడల్లా నేనేమనుకున్నానో తెలుసా? నీకు బిడ్డంటే ఇష్టం లేదేమో అనుకున్నా. ఎన్ని దినాలు ఏడ్చినానో తెలుసా నీకు?"

ఇంత నాకూ తెలియదు. దీపక్ మొహం చూడాలి అప్పుడు. బ్యాంకులో కూడా అంత పాలిపోలేదు.

"బిడ్డంటే ఇష్టం లేకపోవడమా? మేఘనా, నేను..." అని అక్కడే ఆగిపోయాడు. దాని పాదాల మీద చేతులు పెట్టి కూర్చున్నాడు. పాదాలు కూడా వాచి ఉన్నాయి. వాటిని వత్తడం మొదలుపెట్టాడు. అది కాళ్ళు వెనక్కి తీసుకోలేదు. నేను వంటింట్లోకి వెళ్ళి, కడిగిన గిన్నెలే మళ్ళీ కడిగాను.

కాస్త సేపయ్యాక మేఘనే పిలిచింది. "అమ్మా, రా. ఆ నేత్రావతి ఇంగేమి చెప్పిందో నువ్వు చెప్పు. ఈయన చెప్తే నమ్మను."

చెప్పాను. రేటు తగ్గిందని, నెలకు మూడున్నర వేలు ఎక్కువ కడితే పంతొమ్మిదేళ్ళని.

"నేను ఇంట్లో ఉంటే ఆ మూడున్నర వేలు యాడ నుంచి వస్తాది?"

ఇక ఆ ఏడాది ఆశ పోయినట్టేనని నేను అనుకున్నాను. దీపక్ జేబులోంచి ఫోను తీసి, లెక్కలు చూస్తూ మెల్లగా అన్నాడు. "ఆ ఏడాది పాత కంతే కడదాం. నా జీతంతో లాగొచ్చు. టైట్‌గా ఉంటుంది, బయట తిండి, ఊళ్ళు తిరగడం ఏమీ ఉండవు. నువ్వు మళ్ళీ జాయినయ్యాక మూడున్నర పెంచుదాం."

"అట్ల చేస్తే ఎన్నేండ్లు?"

"ఇరవై" అన్నాడు.

"పంతొమ్మిదికి ఇరవై. ఒకటే ఎక్కువ?"

"ఒకటే ఎక్కువ."

మేఘన అతని చేతిలోంచి ఫోను తీసుకుని తను కూడా ఒకసారి చూసుకుంది. దాని కళ్ళలో నీళ్ళు, మొహం మీద నవ్వు.

"నా బిడ్డ దగ్గర ఇప్పుడు ఒక ఏడాది కూర్చుంటే, చివర్లో ఒక ఏడాది ఎక్కువ కట్టల్ల. అంతే కదా? ఇది నాకు చెప్పేదానికి భయపడితివా?" అంది. "కడదాం దీపక్. ఆ ఏడాది నాకు కావల్ల."

మా మామగారి కాలం నుంచి అప్పును తరగాల్సినదిగానే చూశాను. ధర ఇంతని తెలిసి, నాకు కావాలని ఒకరు దానికి ఏడాది చేర్చుకోవడం నేనెప్పుడూ చూడలేదు. నా కూతురిని చూసి నాకు గర్వంగా అనిపించింది, కొంచెం అసూయగా కూడా అనిపించింది. నాకు అప్పట్లో ఆ ఏడాది ఎంతకు దొరుకుతుందో చెప్పేవాళ్ళు లేరు.

మరుసటి శుక్రవారం కొట్టు తొందరగా కట్టేసి, ఒబ్బట్ల డబ్బాతో మళ్ళీ బొమ్మనహళ్ళి వెళ్ళాను. కొట్లోంచి రెండు పచ్చగాజులు తీసుకున్నాను. పదిహేడుకు రెండు కలిస్తే పంతొమ్మిది. ఇరవయ్యోదాని కోసం పై అరలోని చిన్న పెట్టె దించాను. దాంట్లో పసిపిల్లలకు దిష్టి తగలకుండా వేసే నల్లగాజులు ఉంటాయి. ఒకటి తీసి కొంగున ముడేసుకున్నాను.

దీపక్ తాడు దించి గాజులన్నీ తీసి నేల మీద పరిచాడు. చివరి ఏడాదిది అడుగున ఉండాలి కాబట్టి మొదట దాన్నే గుచ్చాలి. నేను కొంగుముడి విప్పి నల్లగాజు అతని అరచేతిలో పెట్టాను. రూపాయి బిళ్ళకంటే కొంచెం పెద్దది. అతను దాన్ని అటూ ఇటూ తిప్పి చూశాడు, వేలికి పెట్టి చూసుకున్నాడు.

"ఇంత చిన్నగా ఉంటాయా అత్తయ్యా చేతులు?"

"మొదట్లో ఇంత కూడా ఉండవు. జారిపోతాది."

మేఘన గుర్తు పట్టింది. "బిడ్డ పుట్టకముందే ఏమీ కొనగూడదు అని నా ప్రాణం తీస్తివే అమ్మా?"

"కొనిందెవరు? కొట్లో నుంచి తెచ్చినా."

దీపక్ మొదట నల్లగాజు గుచ్చాడు, దాని మీద పంతొమ్మిది పచ్చవి. మూడేళ్ళు కంతులు కట్టి, మళ్ళీ ఇరవై గాజుల తాడును అదే మేకుకు తగిలించాం. గృహప్రవేశం నాడు తగిలించినప్పుడు అది నాకు చాలా తేలికగా కనిపించింది. ఇప్పుడు దాని బరువు ముగ్గురికీ తెలుసు.

"అడుగున ఉండేది తీసేసరికి బిడ్డకు ఇరవయ్యో ఏడు నడుస్తాంటాది" అంది మేఘన తాడు వైపు చూస్తూ. "అప్పటికి ఈ గాజు ఎవరి చేతికి పడతాది అమ్మా?"

"ఎవరికీ పట్టదు. ఆడపిల్లయితే అప్పటికి దానిది నీ సైజే, రెండు-నాలుగు. ఒక జత తీసిపెట్టుంటా."

"మరి అబ్బాయైతే?" అన్నాడు దీపక్.

"అబ్బాయైతే వాడే ముడి విప్పుతాడు. ఆ పొద్దు వాళ్ళమ్మకు గాజులు వాడే తొడగల్ల. పగలగొట్టకుండా ఎట్ల తొడగల్లో నేను నేర్పిస్తాలే, నీకు మాదిరి కాకుండా" అన్నాను.

అప్పటికి నాకు ఎనభై దగ్గర పడతాయి. ఆ లెక్క నేను పైకి అనలేదు. దీపక్ ముడి ఇంకొకసారి గట్టిగా బిగించి, ఒబ్బట్లు ఏమైనా మిగిలాయా అత్తయ్యా అని అడిగాడు.